సమస్యాపూరణం: ‘వాగు దాటి వచ్చె వంతెనొకటి’

పర్లాకిమిడి మాస్టారు (నిర్వహణ):
ఈ వారం ఆటవెలది. పైన ఇచ్చింది నాలుగో పాదం.

వంతెన మీద మనం దాటుతాం గాని వంతెన దాటడమేమిటని అడక్కండి, సమస్యే అది. మొన్న గునుపురం తమ్ముడు జీడిపప్పు గోదాములో కాటాని బిల్లు ప్రోగ్రాముకి కలిపిన సంగతి చెప్పాడు. బిల్లు రాసింది సీ షార్ప్ భాషలో, అది డాట్ నెట్ రన్‌టైమ్ (ప్రోగ్రాముని నడిపిస్తూ దాని మెమరీని చూసుకునే వ్యవస్థ) చెప్పుచేతల్లో నడుస్తుంది. కాటాతో వచ్చింది సీ భాషలో రాసిన డీఎల్ఎల్ (వేరే ప్రోగ్రాములు పిలిచి వాడుకునే ఫంక్షన్ల ఫైలు), దానికి ఏ పెద్దదిక్కూ లేదు, నేరుగా ప్రాసెసర్ మీదే నడక. ఈ రెంటినీ కలిపే ఫైళ్ల మీద పూరణలు రావాలని నా కోరిక. మామూలు వాగు మీద రాసినా చదువుతాను.

పద్యంలో ఇంగ్లీషు మాటలు పడతాయా అని ఒకరడిగారు. గిడుగువారు పాఠాలు చెప్పిన ఊళ్లో కూచుని జనం మాటని వద్దనడానికి నాకు నోరు రాదు.

కాశీనగరం నుంచి:

వరద వచ్చి నిన్న వంశధార నడుమ
కట్టు తెగిన తాటి కఱ్ఱ లన్ని
గట్టు చేర జనులు కనుగొని నవ్విరి
వాగు దాటి వచ్చె వంతెనొకటి

మాస్టారు: నడక హాయిగా ఉంది బాబాయ్. గ–క యతిమైత్రి కూడా చక్కగా పడింది. కట్టు తెగాక అవి విడి దుంగలు, వంతెన ఎలా అవుతాయి? ‘తెగిన’ తీసి ‘తెగని’ పెట్టండి, గణం చెడదు, అర్థం నిలబడుతుంది. ఇంకోటి. వంశధార ఒడ్డునుంటూ దాన్ని వాగంటారా?

కాశీనగరం నుంచి: ఏప్రిల్లో ఓసారి వచ్చి చూడండి మాస్టారూ, వాగన్నందుకు మెచ్చుకుంటారు. ‘తెగని’ బాగుంది, మార్చేశాను.

గునుపురం తమ్ముడు:

పిలువ దొరకలేదు పేరున్న యా ఫైలు
పెన్ను డ్రైవులోన పెట్టి తెచ్చి
పక్కనుంచినంత పనిచేసె చిత్రమే
వాగు దాటి వచ్చె వంతెనొకటి

జరిగిందే రాశాను. ప్రోగ్రాము కొత్త కంప్యూటర్లోకి ఎక్కించాం. శుభ్రంగా తెరుచుకుంది, పాత బిల్లులు కూడా చూపించింది. ‘బరువు’ బటన్ నొక్కగానే డీఎల్ఎల్ దొరకలేదని ఎర్ర పెట్టె. పాత కంప్యూటర్ నుంచి తెచ్చి ఈఎక్స్ఈ (అసలు ప్రోగ్రాము ఫైలు) పక్కన పెడితే సరిపోయింది.

రాయగడ నుంచి: రెండో పాదంలో ‘డ్రై’ ముందున్న ‘ను’ గురువు కాదా?

మాస్టారు: వేరే మాటగా రాశాడు కాబట్టి లఘువే. కలిపి రాసుంటే నేనూ మీ పక్షమే.

బరంపురం అక్క: తమ్ముడూ, ‘చిత్రమే’ పాదం నింపడానికి తెచ్చిన మాట. అందులో చిత్రమేమీ లేదు కూడా. డాట్ నెట్‌లో డీఎల్ఎల్ ఇంపోర్ట్ అని రాసినంత మాత్రాన ఫైలు లోపలికి రాదు, ఆ ఫంక్షన్ని మొదటిసారి పిలిచినప్పుడే వెతుకుతుంది. అందుకే తెరుచుకోవడం తెరుచుకుంది, బరువు దగ్గర ఆగింది. నీ మొదటి పాదంలో ‘పిలువ’ అన్న మాటే ఆ గుట్టు విప్పేసింది, అది భలే కుదిరింది. ‘పనిచేయసాగెను’ అంటే నిండుగా ఉంటుంది.

ఒక మాట అడుగుతాను. కొనేవాళ్ల పేర్లు తెలుగులో, ఒడియాలో కొట్టి ఆ డీఎల్ఎల్‌కి పంపిస్తున్నారా?

గునుపురం తమ్ముడు: అవునక్కా, కాటా చీటీ మీద పేరు పడాలి. అన్నీ ప్రశ్నార్థకాలే పడుతున్నాయి.

బరంపురం అక్క: పడతాయి. ఏ అక్షరాలో చెప్పకపోతే సీ షార్ప్ మాటల్ని పాత ఆన్సీ పద్ధతికి (కొన్ని లిపులకే పట్టికలు, అంటే కోడ్ పేజీలు, ఉన్న పద్ధతి) మార్చి పంపుతుంది. విండోస్‌లో తెలుగుకీ ఒడియాకీ ఆన్సీ కోడ్ పేజీ లేనే లేదు, దాంతో అక్షరానికో ప్రశ్నార్థకం. అవతలి ఫంక్షన్ అన్ని లిపులూ పట్టే యూనికోడ్ తీసుకునేదైతే ఇటు కూడా యూనికోడ్ అని రాయి. తీసుకోనిదైతే ఇటునుంచి ఎంత పంపినా లాభం లేదు.

రాయగడ నుంచి:

అరువదియును నాల్గు నటువైపు బిట్టులు
ముప్పదియును రెండు నిలిచె నిచట
కొత్త ఫైలు మార్చి కూర్చిన వెంటనే
వాగు దాటి వచ్చె వంతెనొకటి

మాస్టారు: రెండో పాదంలో యతి తప్పింది, ‘ము’కి ‘ని’ చెల్లదు. ‘ముప్పదియును రెండు ముందువైపు’ అనండి. విషయం నిజమే, 32 బిట్ల ప్రోగ్రాములోకి 64 బిట్ల డీఎల్ఎల్ ఎక్కదు, అటునుంచి ఇటూ అంతే. పద్యం మాత్రం లెక్కల పుస్తకంలా ఉంది, ఏమనుకోకండి.

గునుపురం తమ్ముడు (రెండోది):

ఇటుల పిలుచు దారి యిచ్చితి నటువైపు
చెత్త నూడ్చువాడు చెరుపకుండ
పట్టి యుంచినంత బదులుగా పిలుపుతో
వాగు దాటి వచ్చె వంతెనొకటి

కాటా మీద బరువు నిలవగానే డీఎల్ఎల్ తనే మన ప్రోగ్రాముని పిలవాలి. అందుకు మన ఫంక్షన్ని డెలిగేట్‌గా (ఫంక్షన్ని పిలవడానికి వీలిచ్చే వస్తువుగా) అటు ఇచ్చాను. చెత్త ఊడ్చేవాడంటే గార్బేజ్ కలెక్టర్, ఎవరూ వాడని వస్తువుల్ని మెమరీలోంచి తీసేసే రన్‌టైమ్ భాగం.

మాస్టారు: ఇదయ్యా పూరణంటే! దారి వేసింది ఇటువాళ్లు, దాని మీద నడిచి వచ్చేది అటువాళ్లు. విరోధం దానంతటదే విడిపోయింది.

బరంపురం అక్క: పద్యం నాకూ నచ్చింది, ‘పట్టి యుంచి’ దగ్గరే పేచీ. అది వింటే పిన్ చెయ్యడం, అంటే మెమరీలో చోటు కదలకుండా బిగించడం, అనిపిస్తుంది. డెలిగేట్‌ని పిన్ చెయ్యక్కర్లేదు. అవతలికిచ్చిన చిరునామా కదలదు, ఇటువైపు దాన్ని ఎవరో ఒకరు గుర్తుపెట్టుకుంటే చాలు, ప్రోగ్రాము నడిచినంతసేపూ నిలిచే ఒక స్టాటిక్ ఫీల్డులో దాస్తే సరి. దాయకపోతే కొంతసేపు బాగానే నడిచి, కలెక్టర్ ఊడ్చేశాక వచ్చిన పిలుపుకి ప్రోగ్రాము కూలుతుంది. బైట్ల బఫర్ (డేటా పెట్టుకునే మెమరీ ముక్క) ఇచ్చావనుకో, పిలుపు ముగిశాక కూడా అటువాళ్లు దాన్ని వాడుతుంటే అప్పుడు పిన్ చెయ్యాలి, ఎందుకంటే కలెక్టర్ వస్తువుల్ని చోటు మారుస్తుంది.

గునుపురం తమ్ముడు: అయితే మూడో పాదం ఇలా:

దాచి యుంచినంత తన మారు పిలుపుతో

మాస్టారు: ద–త మైత్రి సరే, గణాలూ సరే. అక్క పట్టిన తప్పు సరిచేస్తే పద్యం కూడా మెరుగైంది చూడండి, ‘పట్టి’ కంటే ‘దాచి’లో ఆప్యాయత ఉంది. ఈ వారం మొదటి స్థానం దీనికే. కాశీనగరం బాబాయిది రెండోది, వాగు గొడవ పక్కన పెట్టి.

రాయగడ నుంచి: మాస్టారూ, మేం జావా వాళ్లం. జావా నుంచి సీ ఫంక్షన్లని పిలిచే పాత పద్ధతి జేఎన్ఐ ఒక్కటే ఉన్నన్నాళ్లూ, రెంటినీ అతికే జిగురు ఫైలు సీలో రాసుకోవాల్సి వచ్చేది. 2024లో జావా 22తో ఫారిన్ ఫంక్షన్ వసతి (బయటి ఫంక్షన్లని జావా నుంచే నేరుగా పిలిచేది) స్థిరపడింది, ఆ జిగురు అక్కర్లేదు. వంతెనే లేకపోతే మీ సమస్య ఏమవుతుంది?

మాస్టారు: జిగురు పోయింది గాని లైబ్రరీ పోలేదు కదా. లినక్స్‌లో డీఎల్ఎల్ లాంటిదైన ఆ ‘.ఎస్ఓ’ ఫైలు ఉండాల్సిన చోట లేకపోతే జావా 22 మాత్రం ఎవర్ని పిలుస్తుంది? దాన్నే ఆటవెలదిలో పెట్టి పంపండి, ఆదివారం దాకా తీసుకుంటాను. యతి చూసుకోండి.