సమస్య: "ఏఁడు ముగిసెను నెలమాత్ర మింక మిగిలె"

నిర్వాహకుడు: మా మనవడు ఏదో కథాలోకం కడుతున్నాడు. అందులో ఏడాదికి 400 రోజులట, నెలకి 30. నిన్న రాత్రి వేళ్ల మీద లెక్కేసుకుని "తాతా, ఏడాది అయిపోయింది గానీ నెల అవలేదు" అని తల పట్టుకున్నాడు. నాకు నవ్వాగలేదు. అన్నం దగ్గర కూర్చునే పై పాదం కట్టేశాను. అది చివరి పాదంగా మిగతా మూడూ మీరు పూరించండి. షరతు ఒక్కటే: పంచాంగం మీరు కట్టిన లోకానిదే కావాలి. అధికమాసం పేరు చెప్పి తప్పించుకుంటే ఒప్పుకోను.

బొబ్బిలివీణ: అదేటండీ, తేలిక దారి అదే కదా! చాంద్రమానం 354 రోజులు, సూర్యుడితో ఏటికి 11 రోజుల తేడా. 2023లో శ్రావణం రెండుసార్లు రాలేదా?

నిర్వాహకుడు: అందుకే వద్దన్నాను.

వంశధార:

భాను కిరణమ్ము గుడిలోని పాదమంటె
క్రొత్త యేఁడంచు మోగెను కోట గంట
చంద్రుఁ డింకను సగమైన జరుగలేదు
ఏఁడు ముగిసెను నెలమాత్ర మింక మిగిలె

నాగావళి: భావం బాగుంది. బాగుండకేం, అరసవల్లి సూర్యుడి గుడిని ఎత్తుకెళ్లి మీ లోకంలో పెట్టేశారు. కానీ అరసవల్లిలో కిరణాలు స్వామి పాదాల మీద మార్చిలో ఒకసారి, అక్టోబరులో ఒకసారి పడతాయి. సూర్యుడు ఉత్తరానికి ఏ దారిన వెళ్తాడో తిరిగి వచ్చేదీ ఆ దారినే. మరి మీ కోటలో ఏటికి రెండు ఉగాదులా? ఇక మూడో పాదం చివర "లేదు", వెంటనే "ఏఁడు". ఉత్వసంధి నిత్యం, రెండూ కలిసి "లేదేఁడు" అయిపోతాయని మీకు నేను చెప్పాలా?

వంశధార: రెండోసారి గంట మోగదు మాస్టారూ. గంట కొట్టేవాడికి ఆ రోజు సెలవు. సంధికి భయపడి "జరుగడాయె" అంటే సరిపోతుందా?

నాగావళి: ఆయె అంటే ఆయెన్. ఆ చివరి నకారం, అదే ద్రుతం, వచ్చి "ఏఁడు" కాస్తా "నేఁడు" అయి కూర్చుంటుంది. ఏడాది పోయి రోజు మిగులుతుంది. "జరుగఁ డకట" అనండి, గొడవ ఉండదు.

వంశధార: తీసుకున్నాను. సెలవు మాత్రం ఉంచండి.

చంపావతి:

అచట నెనిమిది నెలలుండు నాకసమున
రాత్రి కొక్కటి చొప్పున రాలిపోవ
వారమంతయు లెక్కించి పలికె బుడుత
"ఏడు ముగిసెను నెలమాత్ర మింక మిగిలె"

బొబ్బిలివీణ: దండం తల్లీ! నెల అంటే చంద్రుడు. నెలవంక అని రోజూ అంటూనే ఉంటాం, ఒక్కడికీ తట్టలేదు. మొదటి పాదంలోనే "ఎనిమిది నెలలు" అని చూసి గర్భిణి కథేమో అనుకున్నాను.

నాగావళి: నెల సంగతి సరే. ఇచ్చిన పాదంలో అరసున్న ఉంది. ఏఁడు అంటే సంవత్సరం, ఏడు అంటే అంకె. సమస్యని దిద్దే హక్కు ఎవరిచ్చారమ్మా?

చంపావతి: అవధానంలో పృచ్ఛకుడు సమస్యని నోటితోనే ఇస్తాడు మాస్టారూ. మీకెప్పుడైనా అరసున్న వినిపించిందా?

నాగావళి: వినిపించదు. కనిపిస్తుంది.

చీపురుపల్లి: నాదీ వేసుకోండి. "రాజు శాసించెఁ బదినెలల్ చాలునంచు". పదకొండు నెలల లోకం, రాజుకి శిస్తు తొందర. మిగతా రెండు పాదాలు రాత్రికి.

బొబ్బిలివీణ: "రా" ఎక్కడ, "చా" ఎక్కడ? పాదం మొదటి అక్షరంతో కలవాల్సిన యతి తోటపల్లి కాలవలో కొట్టుకుపోయిందా? "చాలుఁ బదినెల లని రాజు శాసనమిడె" అంటే మీ సొమ్మేం పోయింది? అయినా మునుపటి పద్యంలో పైడితల్లి జాతర సిరిమానుని "సిరుల మాను" చేసిన చేతికి ఇదో లెక్కా!

చీపురుపల్లి: ఎన్నాళ్లు తవ్వుతారు బావూ అది? గణం కుదిరింది కదా.

బొబ్బిలివీణ: గణం కుదిరింది, ఊరికి కుదరలేదు. అది చింతమాను. దసరా వెళ్లిన మంగళవారం విజయనగరంలో పైడితల్లి గుడి ముందు, ఆ జనంలో నిలబడి "సిరుల మాను" అనండి, చూద్దాం.

చీపురుపల్లి: మీరు దిద్దిన పాదం బాగానే ఉంది. వాడుకోను.

నిర్వాహకుడు: మాను దిగి పంచాంగానికి రండి. నిజానికి ఆ పండగదీ ఇదే చిక్కు. దశమి తిథి లెక్క, మంగళవారం వారం లెక్క. ఒకటి వెళ్లాక రెండోది వచ్చేదాకా ఊరంతా ఎదురుచూడాలి.
వచ్చినవన్నీ మా వాడికి చదివి వినిపించాను. చంపావతిగారి పద్యంలో బుడుత తనేనని ఖాయం చేసుకున్నాడు. రాలిపోయిన చంద్రులు మళ్లీ ఎక్కణ్ణుంచి వస్తాయని అడుగుతున్నాడు.

చంపావతి: ఎనిమిదోది రాలదని చెప్పండి. అది ఈనుతుంది.

నాగావళి: ఈననివ్వండి. అరసున్న మాటేమిటి?