"చింకీ" అని పిలవడం సరదాయేనా?

హాస్టల్ జూనియర్:
మా హైదరాబాద్ క్యాంపస్‌లో ఈశాన్య రాష్ట్రాల వాళ్లను, వాళ్ల కళ్లను, ముఖాన్ని బట్టి "చింకీ" అని పిలవడం మామూలైపోయింది. మొన్న మా క్లాసులో ఒకమ్మాయి అలా పిలవొద్దంది. "సరదాకి అన్నాం, ఇంత సీన్ ఎందుకు?" అన్నారు మావాళ్లు. నాకు ఎటూ తేలడం లేదు. ఇది వివక్షేనంటారా?

వరంగల్ కుర్రాడు:
నేను ఢిల్లీలో పీజీ చేశాను. రెండేళ్లూ నన్ను "మద్రాసీ" అనే పిలిచారు. మాది వరంగల్ అని ఎన్నిసార్లు చెప్పినా ఇడ్లీ సాంబార్ సంగతే ఎత్తేవాళ్లు. బాధేసింది, కానీ వదిలేశాను. వాళ్లలోనే ఇద్దరు తర్వాత ప్రాణ స్నేహితులయ్యారు. ప్రతి మాటనూ వివక్ష అంటే ఇక చనువుగా మాట్లాడుకునేదెలా?

పాత హాస్టలర్:
తమ్ముడూ, మద్రాసీ అనడమూ తప్పే. కానీ నువ్వు భారతీయుడివేనా అని నిన్నెవరైనా అడిగారా? నా రూమ్మేట్‌ది ఇంఫాల్. సిమ్ కోసం ఇద్దరం షాపుకెళ్లాం. అతని ఆధార్‌ను అటూ ఇటూ తిప్పి చూసి "పాస్‌పోర్ట్ లేదా?" అన్నాడు షాపతను. నా కార్డు వైపు సరిగ్గా చూడనేలేదు.

ఒకరోజు అతను ఙారి అనే పులియబెట్టిన చేపతో ఎరోంబా అనే మణిపురి వంటకం చేశాడు. కారిడార్ అంతా ముక్కులు మూసుకుంది, వార్డెన్‌కు కంప్లయింట్ వెళ్లింది. అదే వారం మా అమ్మ పంపిన ఎండురొయ్యల పొడి డబ్బా మూత తీస్తే, అన్నం కంచాలతో నా గదికే వచ్చారందరూ. ఆ తర్వాత అతను వండటమే మానేశాడు. ఆ రోజు నేనూ ముక్కు మూసుకున్నాను, ఇప్పటికీ సిగ్గేస్తుంది.

2014 జనవరిలో ఢిల్లీ లాజ్‌పత్ నగర్‌లో అరుణాచల్ విద్యార్థి నీడో తానియా జుట్టును ఎగతాళి చేయడంతోనే గొడవ మొదలైంది. దెబ్బలు తిన్న మర్నాడు చనిపోయాడు. ఆ తర్వాత కేంద్రం వేసిన బెజ్‌బరువా కమిటీ, జాతిని కించపరిచే మాటలనూ సైగలనూ నేరంగా చూడాలని సిఫార్సు చేసింది.

వరంగల్ కుర్రాడు:
ఆధార్ సంగతి నాకెప్పుడూ ఎదురుకాలేదన్నా, నిజమే. కానీ తెలియక అన్నవాణ్నీ, కావాలని అన్నవాణ్నీ ఒకే గాటన కట్టడం మాత్రం ఒప్పుకోను.

పాత హాస్టలర్:
తెలియనివాడికి ఒకసారి చెబితే చాలు, నేనూ ఒప్పుకుంటాను. ఆ అమ్మాయి చెప్పాక కూడా దబాయిస్తుంటే తెలియకపోవడం ఎలా అవుతుంది? జూనియర్, ఆమె పేరు మీవాళ్లలో ఎంతమందికి తెలుసు?

హాస్టల్ జూనియర్:
నాక్కూడా తెలియదన్నా. సోమవారం ల్యాబ్‌లో అడుగుతాను.