జేమ్స్ వాంగ్ హౌ నల్ల వెల్వెట్ కిటుకు: డిజిటల్‌లో మూకీ లుక్ ఎలా తేవాలి?

చిక్కడపల్లి_ఫ్రేమ్స్:
1922లో బెంగాలీ దర్శకుడు ధీరేన్ గంగూలీ మన హైదరాబాద్‌లో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టిన రోజుల మీద షార్ట్ ఫిల్మ్ చేస్తున్నాం. అందులో రెండు నిమిషాల మూకీ సీన్ ఉంది. సాచురేషన్ (రంగుల గాఢత) సున్నా చేస్తే సీరియల్‌కి రంగు తీసేసినట్టుందే తప్ప మూకీలా లేదు. మూకీల నుంచి 1975 దాకా హాలీవుడ్‌లో కెమెరా పట్టిన జేమ్స్ వాంగ్ హౌ, హీరోయిన్ నీలి కళ్ళని వెల్వెట్‌తో నల్లగా చేశాడట. అది మాకు పనికొస్తుందా? లైట్లు మామూలు ఎల్‌ఈడీలే.

పాతరీలు:
వెల్వెట్ మీకు అక్కర్లేదు. అప్పటి ఆర్థోక్రోమాటిక్ ఫిల్మ్‌కి ఎరుపు ఆనదు, నీలం మరీ ఎక్కువ ఆనుతుంది. అందుకే మీరన్న హీరోయిన్, మేరీ మైల్స్ మింటర్ నీలి కళ్ళు పాలిపోయి వచ్చేవి. హౌ చేసిందల్లా, లెన్స్ పట్టేంత కన్నం పెట్టిన నల్ల వెల్వెట్‌ని కెమెరా చుట్టూ కట్టడం. కన్ను అద్దంలాంటిది, ఎదుటి నలుపు అందులో పడింది. మనవాళ్ళ గోధుమరంగు కళ్ళు ఆర్థోలో ఎలాగూ నల్లగానే పడతాయి. మీకు కావాల్సింది ఉల్టా: లెన్స్‌కి కాస్త పైన చిన్న లైటు, కంట్లో చుక్క మెరిసేలా. లేదంటే కళ్ళు గుంటల్లా వస్తాయి.

గ్రేడింగ్_గల్లీ:
సాచురేషన్ తీసేసినా ఎరుపు లెక్కలో ఉంటుంది, తేడా అక్కడే. రిజాల్వ్ (రంగులు దిద్దే సాఫ్ట్‌వేర్) ఆర్‌జీబీ మిక్సర్‌లో మోనోక్రోమ్ (బ్లాక్ అండ్ వైట్) టిక్ పెట్టి ఎరుపు 0, పచ్చ 0.55, నీలం 0.45తో మొదలుపెట్టండి. బొట్టు, లిప్‌స్టిక్ బొగ్గులా మారతాయి, పసుపు రాసిన కాళ్ళు కూడా ముదురుతాయి, ఆకాశం తెల్లబడుతుంది. మొహం మీది మొటిమ, ఎర్రటి మచ్చ అన్నీ పైకి తేలతాయి. బుగ్గలకి ఎర్ర రూజ్ అస్సలు వద్దు, లోపలికి పోయినట్టు కనపడతాయి.

నీలం ఇంకా పెంచితే నాయిస్ మొదలవుతుంది. సెన్సార్‌లో నాలుగు పిక్సెళ్ళకి నీలానిది ఒక్కటే, పైగా టంగ్‌స్టన్ లైటులో (పాత పసుపు బల్బులో) ఉండేదే తక్కువ నీలం. కాబట్టి 5600 కెల్విన్ (పగటి వెలుగులాంటి) లైటు, బేస్ ఐఎస్‌ఓ (నాయిస్ తక్కువుండే కెమెరా అసలు సెట్టింగ్) పెట్టి, రికార్డింగ్ రా (సెన్సార్ డేటా ఉన్నదున్నట్టు) గానీ 10 బిట్ 4:2:2 (రంగు వివరం ఎక్కువ దాచే ఫార్మాట్) గానీ చేయండి. 8 బిట్ 4:2:0 అయితే చెంపల అంచులు గళ్ళు గళ్ళుగా విరిగిపోతాయి.

చిక్కడపల్లి_ఫ్రేమ్స్:
థాంక్స్ అన్నా. ఈ మిక్స్‌తో ఒంటిరంగు ముదిరిపోతే ఎక్స్‌పోజర్ పెంచాలా?

గ్రేడింగ్_గల్లీ:
అర స్టాప్ నుంచి ముప్పావు దాకా పెంచండి (ఒక స్టాప్ అంటే వెలుతురు రెట్టింపు). కానీ తెల్ల పంచె ముందే వివరం పోయి ఉత్త తెలుపైపోతుంది, దాన్ని చూసే ఆపాలి. పంచెని లేత టీ నీళ్ళలో ముంచి ఆరేస్తే సగం బాధ పోతుంది. ఇదే మిక్స్‌ని లట్ (రంగుల మార్పుని దాచుకునే ఫైలు) చేసి మానిటర్‌లో వేసుకుని తీయండి, తర్వాత ఎడిట్ టేబుల్ దగ్గర ఏడవక్కర్లేదు.

హ్యాండ్‌క్రాంక్:
స్పీడ్ మర్చిపోయారు. చేత్తో తిప్పే కెమెరాలో ఒక చుట్టుకి 8 ఫ్రేములు, సెకనుకి రెండు చుట్లు, అంటే 16. మీరు 16లో తీసి, ప్రతి రెండో ఫ్రేమునీ రెండుసార్లు వేస్తే 24కి సరిపోతుంది. నడక మామూలు వేగంతో ఉండి, చిన్న కుదుపు మాత్రం మిగులుతుంది. పరుగులు పెట్టే మూకీ కావాలంటే డూప్లికేట్ చేయకుండా 24లో ఆడించండి, అయితే అది కామెడీకే బాగుంటుంది.

ఇక్కడ దెబ్బ తినేది షట్టర్ దగ్గర, అంటే ఒక్కో ఫ్రేము మీద ఎంతసేపు వెలుతురు పడాలో చెప్పే కోణం దగ్గర. మన కరెంటు 50 హెర్ట్జ్, చవక ఎల్‌ఈడీ సెకనుకి 100 సార్లు కొట్టుకుంటుంది (వెలుగు పెరిగి తగ్గుతుంది). 16 ఫ్రేములకి షట్టర్ 172.8 డిగ్రీలు పెడితే ఒక్కో ఫ్రేముకి సరిగ్గా మూడు కొట్టుకోళ్ళు పడతాయి, ఫ్లికర్ ఉండదు. 18లో తీస్తే 194.4 పెట్టాలి.

పాతరీలు:
హౌ అనగానే అందరూ వెల్వెట్ దగ్గరే ఆగిపోతారు. 1947లో బాడీ అండ్ సోల్ కోసం రోలర్ స్కేట్స్ కట్టుకుని, చేతి కెమెరాతో బాక్సింగ్ రింగ్‌లో తిరిగినవాడు ఆయన. ఆస్కార్లు వచ్చిన రోజ్ టాటూ (1955), హడ్ (1963) రెండూ బ్లాక్ అండ్ వైటే, కానీ పాంక్రోమాటిక్ మీద, ఎరుపు కూడా ఆనే ఫిల్మ్ మీద తీసినవి. మీ సినిమాలో మిగతా బ్లాక్ అండ్ వైట్ ఉంటే దానికి ఆర్థో మిక్స్ వేయకండి. ఎరుపు 0.3, పచ్చ 0.59, నీలం 0.11 చాలు. అప్పుడే మూకీ సీన్ రాగానే బొట్టు నల్లబడటం జనానికి తెలుస్తుంది.