పిల్లలు తగ్గిపోతున్న జపాన్‌లో మిఠాయి వ్యాపారం ఎలా పెరుగుతోంది?

ప్రశ్న: అట్టపెట్టె (హైదరాబాద్)

అందరికీ నమస్కారం. తినుబండారాల ప్యాకింగ్‌కు వాడే ఫిల్ములు, సంచులు తయారుచేసే ఒక సంస్థలో పనిచేస్తున్నాను. జపాన్ మిఠాయి కంపెనీలకు సరుకు పంపే వీలుందేమో చూడమని మా యాజమాన్యం నాకు అప్పగించింది. ఆ మార్కెట్ గురించి చదువుతున్నకొద్దీ ఒక చిక్కు మాత్రం వీడడం లేదు.

ఆ దేశ జనాభా 2008 ప్రాంతంలో సుమారు 12 కోట్ల 80 లక్షల వద్ద గరిష్ఠ స్థాయికి చేరి, అప్పటి నుంచి తగ్గుతూ వస్తోంది. 2024లో పుట్టిన పిల్లల సంఖ్య 7 లక్షలు కూడా దాటలేదు. 65 ఏళ్లు పైబడినవారు జనాభాలో దాదాపు 29 శాతం ఉన్నారు. అయినప్పటికీ చాక్లెట్లు, బిస్కెట్లు, చిప్స్, బియ్యపు అప్పాలు, సంప్రదాయ మిఠాయిలు అన్నీ కలిపితే చిల్లర అమ్మకాల విలువ 3 లక్షల కోట్ల యెన్‌లకు పైమాటేనని, కరోనా కాలంలో తగ్గినా మళ్లీ పుంజుకుందని అంటున్నారు. పిల్లలు లేని చోట ఇన్ని మిఠాయిలు ఎవరు తింటున్నారు? ఈ పెరుగుదల నిజమైనదా, లేక ధరలు పెరగడం వల్ల అలా కనిపిస్తోందా? ఆ రంగాన్ని దగ్గరగా చూసినవారు వివరించగలరని ఆశిస్తున్నాను.

జవాబు 1: లెక్కలపుస్తకం

మీ రెండో అనుమానంలో చాలా నిజం ఉంది. అమ్మకాల విలువ పెరిగినంతగా అమ్ముడైన సరుకు బరువు పెరగలేదు. ఈ సంగతి అర్థం కావాలంటే ఉమాయ్‌బో అనే చిరుతిండి చరిత్ర చూడడం మేలు. చేతివేలికంటే కాస్త లావుగా, నడుమ బోలుగా ఉండే మొక్కజొన్న గొట్టం అది. యావోకిన్ అనే సంస్థ దానిని అమ్ముతుంది, ఇబరాకి ప్రాంతానికి చెందిన రిస్కా తయారుచేస్తుంది. 1979లో 10 యెన్‌లకు మొదలైన ఆ గొట్టం ధర 2022 ఏప్రిల్ దాకా, అంటే నలభై ఏళ్లకు పైగా, ఒక్క యెన్ కూడా పెరగలేదు. ఆ నెలలో 12 యెన్‌లయింది, 2024 అక్టోబరులో 15 యెన్‌లయింది. రెండున్నర ఏళ్లలో ఒకటిన్నర రెట్లు! మొక్కజొన్న, నూనె దిగుమతి సరుకులు కావడం, యెన్ విలువ పడిపోయి 2024 జులైలో డాలరుకు 160 దాటడం, కరెంటు, రవాణా ఖర్చులు పెరగడం కలిసివచ్చి ఆ పరిస్థితి తెచ్చాయి.

అన్నేళ్లు ధర ఎందుకు కదల్లేదన్నది ఇంకా ఆసక్తికరమైన విషయం. 1990ల మధ్య నుంచి జపాన్‌లో జీతాలూ ధరలూ దాదాపు ఉన్నచోటే ఉండిపోవడంతో, ధర పెంచడమంటే కొనేవారికి ద్రోహం చేయడమే అన్నట్టుగా కంపెనీలు భయపడేవి. 2016లో గారిగారి-కున్ అనే పుల్ల ఐస్ ధరను పాతికేళ్ల తరువాత తొలిసారి 60 యెన్‌ల నుంచి 70 యెన్‌లకు పెంచినప్పుడు, తయారీదారైన అకాగి కంపెనీ ఉద్యోగులు, పెద్దలు వరుసగా నిలబడి తలలు వంచి నమస్కరిస్తూ కనిపించే టీవీ ప్రకటన ఇచ్చారు. పది యెన్‌లకు అంత క్షమాపణ! అందుకే ఎక్కువ కంపెనీలు ధర ముట్టుకోకుండా పొట్లంలో గ్రాములు తగ్గించేవి. 2022 తరువాత ఆ సంకోచం పోయింది. ఇప్పుడు ధర పెంచుతున్నారు, గ్రాములూ తగ్గిస్తున్నారు. మీరు చదివిన పెరుగుదలలో పెద్ద వాటా దీనిదే.

ధర పెంచే శక్తి లేని సంస్థలు ఇదే కాలంలో కూలిపోయాయి. ఎర్ర రేకుడబ్బాలో పళ్ల రుచుల బిళ్లలు అమ్మిన సకుమా సంస్థ, ముడిసరుకుల, ఇంధనాల ధరలూ చవక సరుకుల పోటీ తట్టుకోలేక 2023 జనవరిలో మూతపడింది. రెండో ప్రపంచ యుద్ధం తరువాత అదే మూలం నుంచి విడివడిన మరో సంస్థ ఆకుపచ్చ డబ్బాలో అలాంటి బిళ్లలే ఇప్పటికీ అమ్ముతోంది కనుక, ఆ రుచి మాత్రం పూర్తిగా పోలేదు.

జవాబు 2: సైతామా వాసి

లెక్కలపుస్తకం గారి మాటతో కొంతవరకే ఏకీభవిస్తాను. ధరలు పెరిగాయన్నది వాస్తవమే కానీ, తినేవారు మారిపోయారన్న సంగతి అందులో రాలేదు. ఆహార రంగంలోనే పనిచేస్తూ కొన్నేళ్లుగా ఇక్కడ ఉంటున్నాను కనుక, మా వీధి చివరి కన్వీనియన్స్ స్టోర్‌లో ఏ సరుకుకు ఎంత చోటు దక్కుతోందో గమనించడం నాకు అలవాటైపోయింది. చూయింగ్ గమ్ అల్మారాలో ఒక మూలకు కుదించుకుపోయింది. ఒకప్పుడు అది ఆక్రమించిన చోటంతా గమ్మీలదే, అంటే నమిలి మింగే జెల్లీ మిఠాయిలదే. జిప్ ఉన్న చిన్న నిలువు సంచులు, ఒక్కొక్కటి 40, 50 గ్రాములు, కంటి ఎత్తులో వరుసగా వేలాడుతుంటాయి.

గమ్ మార్కెట్ 2004లో శిఖరానికి చేరి, ఆ తరువాత సగానికి మించి కరిగిపోయింది. 2021 నాటికి గమ్మీల అమ్మకాలు దానిని దాటేశాయి. దీనికి చాలా కారణాలు చెబుతారు. డబ్బు కట్టే వరుసలో నిలబడినవారు పక్కనున్న గమ్ వైపు చూసే బదులు ఫోన్ చూసుకోవడం ఒకటి. నోటి దుర్వాసన పోగొట్టే చిన్న బిళ్లలు రావడం మరొకటి. కరోనా రోజుల్లో అందరూ మాస్కులు వేసుకోవడంతో ఆ అవసరమే తగ్గింది. వీటన్నిటికంటే నాకు బలంగా తోచే కారణం ఏమిటంటే, జపాన్ వీధుల్లో చెత్తబుట్టలు చాలా అరుదు కనుక నమిలిన గమ్‌ను కాగితంలో చుట్టి జేబులో పెట్టుకుని తిరగవలసి వస్తుంది. గమ్మీని మింగేస్తే ఆ బాధ ఉండదు. మెయిజీ సంస్థ 1997లో తెచ్చిన జైలిష్ గమ్‌ను 2023 మార్చిలో ఆపివేసి, అదే పేరుతో గమ్మీలు అమ్మడం మొదలుపెట్టింది. ఒక రంగం వారే తమ సరుకు ఓడిపోయిందని ఒప్పుకోవడానికి ఇంతకంటే దాఖలా అక్కర్లేదు.

గమ్మీలు కొనేది పిల్లలే అనుకోవద్దు. కాన్రో సంస్థ 2002లో తెచ్చిన ప్యూర్ గమ్మీ పైన పుల్లని పొడి చల్లి, ఆఫీసులకు వెళ్లే యువతులను ఉద్దేశించి అమ్మిన సరుకు. మొరినాగా వారి రాముణే బిళ్లల కథ కూడా ఇలాంటిదే. 1973 నుంచి సీసా ఆకారపు ప్లాస్టిక్ డబ్బాలో వస్తున్న పిల్లల మిఠాయి అది. అందులో అధిక భాగం గ్లూకోజే కావడంతో, ఏకాగ్రత కోసమని ఉద్యోగులూ పరీక్షలకు చదివేవారూ కొనడం గమనించిన కంపెనీ, 2018లో పెద్ద బిళ్లలను సంచుల్లో తెచ్చింది. ఒత్తిడి తగ్గిస్తుందంటూ గ్లికో 2005లో గాబా చాక్లెట్‌ను తెచ్చింది. ఆరోగ్య ప్రయోజనాన్ని పొట్లం మీద ప్రకటించుకునే వీలు కల్పిస్తూ 2015 ఏప్రిల్‌లో కొత్త విధానం అమలులోకి వచ్చాక, అలాంటి చాక్లెట్లు మందుల దుకాణాల్లో కూడా వరుసలు కట్టాయి. ఆ ప్రయోజనాల మీద నాకు పెద్దగా నమ్మకం లేదు కానీ, డబ్బు పెట్టగల పెద్దవారిని మిఠాయి వైపు తిప్పుకోవడంలో కంపెనీలు నెగ్గాయి.

ప్రశ్నించినవారు: అట్టపెట్టె

ఇద్దరికీ ధన్యవాదాలు. జిప్ సంచుల మాట మా వాళ్లకు చాలా పనికివస్తుంది. మరి సంప్రదాయ మిఠాయిల సంగతి ఏమిటి? శతాబ్దాల నాటి దుకాణాలున్నాయని వింటాము. అవి కూడా ఈ లెక్కలోకి వస్తాయా, లేక వాటి దారి వేరా? విదేశీ పర్యాటకుల కొనుగోళ్లు ఎంత ముఖ్యమో కూడా చెప్పగలరా?

జవాబు 3: చలిమిడి

వాటి దారి కొంత వేరే. జపాన్ సంప్రదాయ మిఠాయిలను వగాషి అంటారు. వాటికి ప్రాణం అజుకి అనే ఎర్ర చిక్కుడు గింజల ముద్ద. ఉడకబెట్టి, మెదిపి, చక్కెర కలిపి దగ్గరకు చేస్తారు. మన పూర్ణం తిన్నవారికి ఆ రుచి కొత్తగా అనిపించదు. ఈ గింజలు ఉత్తరాన ఉన్న హొక్కాయిడో దీవిలో, ముఖ్యంగా తొకాచి మైదానంలో ఎక్కువగా పండుతాయి. పదహారో శతాబ్దంలో క్యోటోలో మొదలై చక్రవర్తి కొలువుకు మిఠాయిలు అందించిన తొరాయా అనే దుకాణం, 1869లో రాజధానితోపాటు టోక్యోకు తరలివచ్చింది. 1980లో పారిస్‌లో దుకాణం తెరిచింది. 2003లో టోక్యోలో కాఫీ హోటల్ పద్ధతిలో ఒక శాఖ పెట్టి, అజుకి ముద్దను రొట్టె మీద రాసుకునేలా సీసాలో కూడా అమ్ముతోంది. అంత స్థోమత ఉన్నవారు చాలా కొద్దిమంది. వీధి చివర ఒక కుటుంబం నడుపుకునే వగాషి దుకాణానికి యజమాని ముసలివాడయ్యాక వారసుడు దొరకడం కష్టం. తెల్లవారకముందే గింజలు ఉడకేసి, ఆ రోజు చేసింది ఆ రోజే అమ్ముకోవలసిన పని కనుక, పిల్లలు అటు రావడం లేదు. పరిశ్రమ మొత్తం విలువ చూసి మురిసిపోయేవారికి ఈ మూతపడిన తలుపులు కనిపించవు.

పర్యాటకుల విషయానికి వస్తే, 2024లో సుమారు 3 కోట్ల 69 లక్షల మంది విదేశీయులు జపాన్‌కు వచ్చారు. అప్పటికి అదే రికార్డు. వీరికంటే ముందే ఈ వ్యాపారాన్ని పెంచింది జపాన్ వారి ఒమియాగె అలవాటు. ఊరెళ్లి వచ్చినవారు ఆఫీసులో అందరికీ ఆ ఊరి మిఠాయి పంచడం దాదాపు విధి లాంటిది. 1976లో సప్పొరోలోని ఇషియా తెచ్చిన షిరోయ్ కోయిబితో బిస్కెట్లు, 1991లో వచ్చిన టోక్యో బనానా దీని మీదే ఎదిగాయి. పెట్టెలో ఉండే ప్రతి ముక్కా విడిగా పొట్లం కట్టి ఉంటుంది, ఎందుకంటే పదిమంది బల్లల మీద ఒక్కొక్కటి పెట్టి వెళ్లాలి. విదేశీయులు కొనేదీ అవే పెట్టెలు; పర్యాటకులు పెరిగితే ఆ వ్యాపారానికి ఇంకో తరం కొనుగోలుదారులు దొరికినట్టే.

మీది ప్యాకింగ్ రంగం కనుక ఒక మాట. ఈ అలవాటు ఇంతగా పెరగడానికి చిన్న ఆక్సిజన్ పీల్చే పొట్లం సగం కారణం. మిత్సుబిషి గ్యాస్ కెమికల్ 1977లో ఏజ్‌లెస్ పేరుతో తెచ్చిన ఆ పొట్లంలో ఇనుప పొడి ఉంటుంది. అది తుప్పు పడుతూ కవర్‌లోని ఆక్సిజన్‌ను పీల్చేస్తుంది కాబట్టి బూజు పట్టదు, నూనె కనరెక్కదు. అయితే కవర్ ఫిల్ము గాలిని లోపలికి రానిస్తే ఆ పొట్లం ఎందుకూ కొరగాదు. అక్కడి కొనుగోలుదారులు మిమ్మల్ని మొదట అడిగేది కూడా ఫిల్ము గుండా ఎంత ఆక్సిజన్ చొరబడుతుందనే.

జవాబు 4: లెక్కలపుస్తకం

చాక్లెట్ గురించి ఎవరూ రాయలేదు కనుక కొంచెం చేరుస్తున్నాను. జపాన్ దిగుమతి చేసుకునే కోకో గింజల్లో అత్యధిక భాగం ఘనా నుంచే వస్తుంది. ఘనా, ఐవరీ కోస్ట్ దేశాల్లో వాతావరణం, చెట్ల తెగుళ్ల వల్ల పంట దెబ్బతిని, చాలాకాలం టన్ను 2,000 నుంచి 3,000 డాలర్ల మధ్య ఉండిన కోకో ధర 2024లో 10,000 డాలర్లు దాటింది. ఆ తరువాత దిగినా, పొట్లాల మీది ధరలు మాత్రం దిగిరాలేదు. జపాన్ నిబంధనల ప్రకారం చాక్లెట్ అని పిలవాలంటే అందులో కనీసం 35 శాతం కోకో పదార్థం ఉండాలి (పాల పదార్థం తగినంత కలిపితే 21 శాతం చాలు). 15 శాతమే ఉంటే దానిని ఉప చాక్లెట్ వర్గంగా ప్రకటించాలి. కనుక కోకో తగ్గించి వేరే కొవ్వులు కలిపేవారు పొట్లం వెనుక ఆ వర్గం పేరు మార్చక తప్పదు, జాగ్రత్తగా చదివేవారికి విషయం తెలిసిపోతుంది.

బియ్యపు అప్పాల వారికి కూడా ఇదే కష్టం వచ్చింది. 2025 మే నాటికి అక్కడి దుకాణాల్లో 5 కిలోల బియ్యం సగటు ధర 4,200 యెన్‌లు దాటింది, అంటే అంతకుముందు ఏడాదికి రెట్టింపు. ఈ రంగంలో పెద్దదైన నీగాతాలోని కమెదా సంస్థ విదేశాల మీద ఆధారపడాలని ముందే నిర్ణయించుకుంది. మన దేశంలో ఎల్‌టీ ఫుడ్స్ అనే బియ్యం కంపెనీతో కలిసి కరికరి పేరుతో బియ్యపు చిరుతిండి అమ్మకం మొదలుపెట్టింది. భారతదేశంలో పుట్టిన లేఖ్ జునేజా 2022లో ఆ సంస్థ ఛైర్మన్, సీఈఓ పదవి చేపట్టారు. మన దేశపు సరుకు సరఫరాదారు తలుపు తట్టదగిన చోటు ఏదని అడిగితే, నేను మొదట అటే చూపిస్తాను.

జవాబు 5: సైతామా వాసి

నా వంతుగా చివరి రెండు ఆచరణ విషయాలు. నెస్లే జపాన్ 2019లో కిట్‌క్యాట్ పెద్ద సంచుల పై కవర్‌ను ప్లాస్టిక్ నుంచి కాగితానికి మార్చింది కానీ, లోపలి చిన్న పొట్లాలు అలాగే ఉన్నాయి. ఎందుకో చలిమిడి గారు చెప్పనే చెప్పారు. కనుక బయటి సంచికి కాగితం, లోపలి పొట్లానికి పలుచని గట్టి ఫిల్ము అన్న పద్ధతికి నమూనాలు సిద్ధం చేసుకోండి. రెండోది, కాగితమో ప్లాస్టికో తెలిపే గుర్తు ప్యాకింగ్ మీద అచ్చు వేయాలి. వాడేసిన ప్యాకింగ్‌ను తిరిగి వాడుకునే చట్టం కింద మిఠాయి తయారీదారు తాను వాడిన ప్యాకింగ్ బరువును బట్టి రుసుము కట్టవలసి ఉంటుంది కాబట్టి, ఒక సంచికి అర గ్రాము తగ్గించగలమని మీరు లెక్క వేసి చూపితే, వారు ధర గురించి బేరమాడే ముందు ఆ కాగితం చదువుతారు.