కాలువ భూమి పరిహారం: వడ్డీ వదులుకుని రాజీ పడొచ్చా?

మెట్టపొలం:
అందరికీ నమస్కారం. 2010లో కాలువ కోసం మా మూడెకరాలు తీసుకున్నారు. ఇచ్చింది చాలదని నాన్న అభ్యంతరం రాసిచ్చి మరీ డబ్బు తీసుకుని కోర్టుకెళ్లారు. సబ్ కోర్టు ఎకరాకి 2 లక్షలు పెంచింది, దాని మీద ప్రభుత్వం హైకోర్టులో అప్పీలు వేసింది, అది ఏళ్లుగా అక్కడే నానుతోంది. ఇప్పుడేమో లోక్ అదాలత్‌లో తేల్చేసుకుందాం, పెరిగిన రేటు ఒప్పుకుంటాం, వడ్డీ మాత్రం వదులుకోండి అంటున్నారు. నాన్నకి 74 ఏళ్లు. ప్లీడరు గారు సంతకం పెట్టేయమంటున్నారు. పెట్టొచ్చా? ఇంకోటి, మా గట్టు పక్కాయన అసలు కేసే వేయలేదు, మా రాజీ కాగితం చూపించి అదే రేటు తెచ్చుకుంటానంటున్నాడు.

పాత కక్షిదారు:
ముందు ఒక తెల్లకాగితం తీసుకుని లెక్క వేయండి అన్నా. మీది పాత 1894 భూసేకరణ చట్టం కేసు కాబట్టి పెరిగిన 2 లక్షల మీద 30 శాతం సొలేషియం (ఇష్టం లేకపోయినా భూమి తీసుకున్నందుకు అదనంగా ఇచ్చే సొమ్ము), అంటే 60 వేలు. మొత్తం 2,60,000. స్వాధీనం చేసుకున్న రోజు నుంచి మొదటి ఏడాది 9 శాతం, 23,400. ఆ తర్వాత 15 శాతం, ఏటా 39,000. పదిహేనేళ్లకి ఎకరాకి వడ్డీ ఒక్కటే 5,69,400. "వడ్డీ మాత్రం" అంటున్నారు చూడండి, అది అసలుకి రెండింతల పైమాటే! సొలేషియం మీద కూడా వడ్డీ వస్తుందని సుప్రీంకోర్టు 2001లోనే సుందర్ కేసులో చెప్పింది, అవతలివాళ్ల లెక్కలో అది ఉందో లేదో చూసుకోండి.

రాజీ వద్దనను. మేమూ పడ్డాం, వడ్డీలో మూడో వంతు వదిలాం, దానికి బాధ లేదు. కానీ పత్రంలో గడువు రాయించుకోలేదు. డబ్బు చేతికి రావడానికి ఏడాదిన్నర పట్టింది, ఆ ఆలస్యానికి వడ్డీ ఏదంటే కాగితంలో ఎక్కడుందో చూపించమన్నారు. కాబట్టి "ఫలానా తేదీలోగా కోర్టులో జమ చేయాలి, చేయకపోతే వదిలిన వడ్డీ మొత్తం మళ్లీ వర్తిస్తుంది" అని రాయించుకోండి, అది లేకుండా పెన్ను ముట్టుకోకండి.

మెట్టపొలం:
స్టే ఇచ్చినప్పుడు సగం డిపాజిట్ చేశారండీ, మేం తీసేసుకున్నాం కూడా. అది చెప్పడం మర్చిపోయా.

లా ప్రాక్టీసు:
అయితే పై లెక్క మీకు అంత రాదు. కోర్టులో జమ పడిన మొత్తానికి ఆ రోజుతోనే వడ్డీ ఆగిపోతుంది, మిగిలిన దానికే నడుస్తుంది. జమ తేదీ కోర్టు నుంచి తెలుసుకుని మళ్లీ లెక్క కట్టండి.

లోక్ అదాలత్ అవార్డు, అంటే అక్కడ రాసే రాజీ తీర్పు, సివిల్ కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. మోసం జరిగిందనో, మనం ఒప్పుకోనే లేదనో రిట్ వేయడం తప్ప వేరే దారి ఉండదు, అదీ కష్టమే. అలాగని అక్కడ మిమ్మల్ని ఎవరూ బలవంతం చేయలేరు. కుదరకపోతే ఫైలు హైకోర్టుకి తిరిగి వెళ్తుంది, అప్పీలు మామూలుగానే నడుస్తుంది. కాకపోతే హైకోర్టు రేటు తగ్గిస్తే ఇప్పటికే తీసుకున్న దాంట్లో కొంత వెనక్కి కట్టాల్సి రావచ్చు. మీ దగ్గర్లో అదే నోటిఫికేషన్ కింద పోయిన భూములకి హైకోర్టు ఏ రేటు ఖాయం చేసిందో చూస్తే ఈ భయం నిజమో కాదో తేలిపోతుంది. నేనైతే మొత్తం వడ్డీ వదలను, నాలుగో వంతు వదులుతానని బేరం మొదలుపెడతాను.

ప్రభుత్వ ప్లీడరు సరేనంటే సరిపోదు, డబ్బు కట్టాల్సిన శాఖ నుంచి రాతపూర్వక అనుమతి ఉందా అని అడగండి. కేసులో ఉన్న హక్కుదారులందరూ సంతకం పెట్టాలి, ఆడపడుచులతో సహా.

మీ పక్కాయనకి మాత్రం కష్టమే. కేసు వేయనివాళ్లు పక్కవాళ్ల తీర్పు చూపించి అదే చట్టంలోని 28-ఏ సెక్షన్ కింద రేటు పెంచమని అడగాలంటే కోర్టు ఇచ్చిన అవార్డు కావాలి, లోక్ అదాలత్ అవార్డు పనికిరాదని 2022లో నోయిడా వర్సెస్ యూనుస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. మీ సబ్ కోర్టు తీర్పు వచ్చిన మూడు నెలల్లోగా కలెక్టరుకి దరఖాస్తు పెట్టుకోవాల్సింది. పెట్టాడా?

మెట్టపొలం:
పెట్టలేదండీ, అప్పుడు ఆయనకి ఆ సంగతే తెలియదు. మా అక్క పేరు కూడా కేసులో ఉంది, ఆవిడ సంతకం సంగతి ఇంతవరకు ఎవరూ ఎత్తలేదు. రేపే ఫోన్ చేస్తా. సంతకం ప్రస్తుతానికి ఆపేశాం, ప్లీడరు గారిని గడువు షరతుతో కొత్త ముసాయిదా రాయమన్నాం, కాస్త చిరాకు పడ్డారు.