యాభై లక్షల గృహరుణం: దీర్ఘకాలంలో నిజంగా పడే ఖర్చు ఎంత?

ప్రశ్న: నిజాంపేట నివాసి

నమస్కారం. హైదరాబాదు నిజాంపేటలో నిర్మాణంలో ఉన్న ఒక ఫ్లాటును 70 లక్షల రూపాయలకు కొనాలని మా దంపతులం నిర్ణయించుకున్నాము. మా పొదుపులోంచి 20 లక్షలు పెడితే, మిగిలిన 50 లక్షలను 8.5 శాతం ఫ్లోటింగ్ (కాలాన్నిబట్టి మారే) వడ్డీకి ఇవ్వడానికి బ్యాంకు ఒప్పుకొంది. ఇరవై ఏళ్ల కాలపరిమితికి నెలవారీ వాయిదా 43,391 రూపాయలు, ముప్పై ఏళ్లకు 38,446 రూపాయలు. నెలకు దాదాపు 5,000 రూపాయలు మిగులుతాయి కాబట్టి ముప్పై ఏళ్లకే వెళ్లమని బ్యాంకులో చెబుతున్నారు. మా బావగారేమో ముప్పై ఏళ్లు కడితే మొత్తం 1 కోటి 38 లక్షలు దాటుతుందని, అందులో 88 లక్షలు వట్టి వడ్డీయేనని, దానికంటే ఇప్పుడున్న 20,000 రూపాయల అద్దె ఇంట్లోనే ఉండడం మేలని లెక్క వేసి చూపించారు. ఇద్దరి లెక్కలూ కాగితం మీద సరిగ్గానే ఉన్నాయి. అయినా ఈ రుణం మాకు నిజంగా ఎంత భారమో రెండింటిలో ఏదీ చెబుతున్నట్లు అనిపించడం లేదు. నా వయసు 34, ప్రైవేటు ఉద్యోగం. ఏ అంకెను నమ్మాలో, ఏ ఖర్చులు ఈ అంకెల్లోకి రాలేదో అనుభవం ఉన్నవారు దయచేసి వివరించగలరు.

సమాధానం: విశ్రాంత బ్యాంకు ఉద్యోగి

ముందు వాయిదా లోపల ఏముందో చూడండి. 50 లక్షల మీద 8.5 శాతం చొప్పున మొదటి నెల వడ్డీయే 35,417 రూపాయలు. కాబట్టి ఇరవై ఏళ్ల వాయిదాలో మొదటి నెల అసలుకు జమయ్యేది 7,974 రూపాయలు, ముప్పై ఏళ్ల వాయిదాలో 3,029 రూపాయలు మాత్రమే. అంటే వాయిదాను పదకొండు శాతం తగ్గించుకున్నందుకు అసలు తీరే వేగం సగానికంటే తక్కువకు పడిపోతోంది. కాలపరిమితి పెంచమని చెప్పేవారు వాయిదా ఎంత తగ్గుతుందో చెబుతారు గానీ ఈ రెండో సంగతి చెప్పరు.

ఇరవై ఏళ్ల పద్ధతిలోనే మొదటి ఏడాది మీరు 5,20,694 రూపాయలు కడితే అసలు తగ్గేది లక్షకు కొంచెం తక్కువ. వాయిదాలో అసలు భాగం వడ్డీ భాగాన్ని దాటడానికి దాదాపు పన్నెండేళ్లు పడుతుంది. అప్పు సగానికి, అంటే 25 లక్షలకు, దిగేసరికి 13 ఏళ్ల 10 నెలలు గడుస్తాయి. ఎనిమిదో ఏటో పదో ఏటో ఊరు మారి ఫ్లాటు అమ్మవలసి వచ్చినవారు బకాయి చూసి నిర్ఘాంతపోవడం నా ఉద్యోగకాలంలో చాలాసార్లు చూశాను. బ్యాంకు లెక్కలో తప్పేమీ ఉండదు. నెలనెలా బకాయి చూపే వాయిదాల పట్టికను మొదటి రోజునే అడిగి తీసుకుని చదివి ఉంటే వారు ముందే సిద్ధపడేవారు.

ఇందులోంచే ఒక మంచి సంగతి కూడా వస్తుంది. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కట్టి వాయిదాను మార్చకుండా ఉంచితే, చివరి నుంచి సుమారు 11 వాయిదాలు, అంటే 4 లక్షల 80 వేల దాకా చెల్లింపులు తగ్గిపోతాయి. అదే లక్షను పదిహేనో ఏడాది చివర కడితే తగ్గేది మూడున్నర వాయిదాలే. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ వడ్డీ గృహరుణాలకు బ్యాంకులు ముందస్తు చెల్లింపు రుసుము తీసుకోకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే ఆదేశించింది కాబట్టి, ఈ సౌకర్యాన్ని వాడుకోవడానికి అదనపు ఖర్చు లేదు. అయితే అదనపు సొమ్ము కట్టినప్పుడల్లా వాయిదాను కాక కాలాన్ని తగ్గించమని రాసి ఇవ్వండి. లేకపోతే ఏ విధంగా సర్దుబాటు చేశారో మీకు ఆలస్యంగా తెలుస్తుంది.

సమాధానం: 2021 రుణగ్రహీత, విశాఖపట్నం

పై లెక్కలన్నీ వడ్డీ 8.5 శాతం దగ్గరే నిలబడితేనే వర్తిస్తాయి. ఫ్లోటింగ్ రుణంలో అది నిలబడదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్త ఫ్లోటింగ్ గృహరుణాలను రెపో రేటు (రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే వడ్డీ రేటు) వంటి బయటి ప్రామాణికానికి ముడిపెట్టాలన్న నియమం ఉంది. రెపో రేటు 2022 మేలో 4 శాతం నుంచి పెరగడం మొదలై, 2023 ఫిబ్రవరికల్లా 6.5 శాతానికి చేరింది. అంటే తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం.

దీని ఫలితం చాలామంది ఊహించనంత పెద్దది. 2021 చివర్లో 6.75 శాతానికి 50 లక్షలు ఇరవై ఏళ్లకు తీసుకున్నవారి వాయిదా 38,018 రూపాయలు. పద్దెనిమిది నెలల తర్వాత బకాయి సుమారు 48 లక్షల 13 వేలు. పెంపు మొత్తం అప్పుడే ఒక్కసారిగా పడి వడ్డీ 9.25 శాతం అయిందనుకుంటే, ఆ నెల వడ్డీయే 37,101 రూపాయలు. వాయిదాను మార్చకుండా వదిలేస్తే అసలుకు వెళ్లేది 917 రూపాయలు, అప్పు తీరడానికి మరో నలభై ఏళ్లు! మొదట అనుకున్న గడువులోనే తీరాలంటే వాయిదా 45,350 రూపాయల దాకా పెరగాలి. నా విషయంలోనూ బ్యాంకు నన్ను అడగకుండా కాలాన్నే పెంచింది. సందేశంలో వడ్డీ మారిందని ఉంది గానీ ఎన్ని వాయిదాలు పెరిగాయో లేదు. ఖాతా వివరాలు తెప్పించుకున్నాక వాయిదాను పెంచమని దరఖాస్తు పెట్టాను, అంగీకరించారు.

2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు దీనిమీద స్పష్టమైన ఆదేశాలు ఇచ్చింది. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకోవాలా, కాలం పెంచుకోవాలా, రెండూ కొంత కొంత మార్చుకోవాలా అనే ఎంపికను రుణదాత మీకే ఇవ్వాలి. బోర్డు ఆమోదించిన విధానం ప్రకారం స్థిర వడ్డీకి మారే వీలు కూడా చూపాలని అప్పట్లో ఉండేది, 2025 అక్టోబరు నుంచి అది రుణదాత ఇష్టానికి వదిలారు. కాలం పెంచిన పేరుతో వాయిదా ఆ నెల వడ్డీకి కూడా చాలని పరిస్థితి రానివ్వకూడదు. ఇప్పుడే ముప్పై ఏళ్లకు తీసుకుంటే, వడ్డీ పెరిగిన రోజున సాగదీయడానికి కాలం మిగలదు, వాయిదా పెరగడం ఒక్కటే దారి అవుతుంది. పైగా మీ వయసు 34 కాబట్టి ముప్పై ఏళ్ల రుణం 64వ ఏట ముగుస్తుంది. అప్పటికి జీతం వస్తుందా అన్నది వడ్డీ శాతం కంటే ముందు తేల్చుకోవలసిన విషయం.

సమాధానం: పద్దులు చూసే వృత్తి, గుంటూరు

మీ బావగారి లెక్కలో ఒక లోపం ఉంది, ఆ లోపమే మీ సందేహానికి మూలం. ఆయన ఈ ఏడాది కట్టే రూపాయినీ, ముప్పయ్యో ఏట కట్టే రూపాయినీ ఒకే విలువ గలవిగా కూడారు. ధరలు ఏటా 5 శాతం పెరిగితే ఇరవయ్యో ఏట మీరు కట్టే 43,391 రూపాయలు ఈనాటి లెక్కలో 16,350 రూపాయల ఎత్తు. కాబట్టి మొత్తం వడ్డీ 54 లక్షలనో 88 లక్షలనో చెప్పడం అంకెగా నిజమే గానీ, ఖర్చుగా నిజం కాదు.

నా దృష్టిలో అడగవలసిన ప్రశ్న ఇది: ఈ రుణం తీసుకోకుండా వాయిదాల సొమ్మును నేను క్షేమంగా ఎక్కడ పెట్టగలను, పన్ను పోను ఎంత వస్తుంది? అది ఏడాదికి 6 శాతం, అంటే నెలకు అర శాతం అనుకుందాం. ఆ రేటుతో భవిష్యత్ వాయిదాలన్నిటినీ ఈనాటి విలువకు తెచ్చి కూడితే, పదిహేనేళ్ల రుణానికి 58 లక్షల 35 వేలు, ఇరవై ఏళ్లకు 60 లక్షల 57 వేలు, ముప్పై ఏళ్లకు 64 లక్షల 12 వేలు వస్తాయి. చేతికి వచ్చింది 50 లక్షలు. అంటే 8.5 శాతానికి అప్పు చేసి 6 శాతం రాబడిని వదులుకున్నందుకు మీకు పడే నిజమైన భారం ఇరవై ఏళ్లకు పదిన్నర లక్షలు, ముప్పై ఏళ్లకు 14 లక్షల పైచిలుకు. బావగారి పద్ధతిలో ఈ రెండింటి మధ్య తేడా 34 లక్షలు. ఈ పద్ధతిలో మూడున్నర లక్షలు.

అయితే బ్యాంకువారి మాట గెలిచిందని అనుకోకండి. ఈ మూడున్నర లక్షల లెక్క నిలబడేది నెలనెలా మిగిలే ఆ 5,000 రూపాయలను మీరు నిజంగా పొదుపులో పెట్టినప్పుడే. అవి ఇంటి ఖర్చుల్లో కలిసిపోతే మీకు మిగిలేది ఎక్కువ కాలపు అప్పు మాత్రమే. ఉద్యోగం మీద బెంగ ఉన్నవారు ఎక్కువ కాలపరిమితి తీసుకుని, ఇరవై ఏళ్ల వాయిదాకు సరిపడా ప్రతి నెలా తామే అదనంగా కడితే రుణం ఇరవై ఏళ్లకే తీరుతుంది, కష్టకాలంలో తక్కువ వాయిదాతో గట్టెక్కే వీలూ ఉంటుంది. ఆ క్రమశిక్షణ మీ ఇద్దరికీ ఉందో లేదో మీకే తెలియాలి.

ఇక ఈ అంకెల్లోకి రాని ఖర్చులు. నిర్మాణంలో ఉన్న ఫ్లాటు కాబట్టి, 45 లక్షలు దాటిన ధరకు జీఎస్టీ 5 శాతం, అంటే మూడున్నర లక్షలు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి 7.5 శాతం, అంటే మరో 5 లక్షల 25 వేలు. రిజర్వు బ్యాంకు నిబంధనల ప్రకారం ఇంత ధర గల ఇంటి విలువలో స్టాంపు, రిజిస్ట్రేషన్ ఖర్చులను కలిపి రుణం లెక్కకట్టరు. అవి మీ చేతి నుంచే రావాలి. అంటే మీకు కావలసింది 20 లక్షలు కాదు, 28 లక్షల 75 వేలు. ఈ తేడాను చివరి నిమిషంలో వ్యక్తిగత రుణంతోనో బంగారం తాకట్టుతోనో పూడ్చేవారు చాలామంది ఉన్నారు, ఆ వడ్డీని ఎవరూ ఇంటి ఖర్చులో రాసుకోరు. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, తనఖా పత్రం రిజిస్ట్రేషన్, అపార్టుమెంటు కార్పస్ ఫండు (ఉమ్మడి నిర్వహణ నిధి), ఇంటి లోపలి చెక్కపనులు వీటికి అదనం.

నిర్మాణం సాగినంత కాలం బ్యాంకు విడుదల చేసిన మొత్తం మీద వట్టి వడ్డీ కట్టాలి, అసలు పైసా తగ్గదు. 30 లక్షలు విడుదలై ఒక ఏడాది పని ఆలస్యమైతే 2 లక్షల 55 వేలు వడ్డీకి, అదే ఏడాది మీ అద్దెకు 2 లక్షల 40 వేలు. నన్ను అడిగితే వడ్డీలో పావు శాతం కోసం బేరమాడడం కంటే, చెప్పిన గడువుకు ఇల్లు అప్పగించే చరిత్ర ఉన్న నిర్మాణదారుణ్ణి ఎంచుకోవడమే మీకు ఎక్కువ మిగులుస్తుంది.

అద్దెతో పోల్చడానికి మొదటి ఏడాది లెక్క చాలు. వడ్డీ 4 లక్షల 21 వేలు, మీరు పెట్టిన 28 లక్షల 75 వేల మీద వదులుకున్న రాబడి 1 లక్ష 72 వేలు, ఇందులోంచి ఆదా అయిన అద్దె 2 లక్షల 40 వేలు తీసేస్తే మూడున్నర లక్షలు. ఆస్తిపన్ను, మరమ్మతులు పక్కన పెట్టినా, ఫ్లాటు ధర ఏటా 5 శాతం పెరిగితేనే ఇది సరిపోతుంది. తర్వాతి ఏళ్లలో అద్దెలు పెరిగి, వడ్డీ తగ్గి లెక్క మీ వైపు మొగ్గుతుంది. అందుకే ఎక్కువ కాలం అదే ఇంట్లో ఉండేవారికి కొనడం కలిసివస్తుంది, మూడు నాలుగేళ్లలో అమ్మేవారికి రిజిస్ట్రేషన్ ఖర్చు కూడా తిరిగిరాకపోవచ్చు.

అనుబంధ ప్రశ్న: నిజాంపేట నివాసి

అందరికీ కృతజ్ఞతలు. 28 లక్షల 75 వేల సంగతి మేము ఆలోచించనే లేదు, కాబట్టి కొనుగోలును కొన్ని నెలలు వాయిదా వేయాలని అనుకుంటున్నాము. మరో రెండు సందేహాలు. పన్ను మినహాయింపు వల్ల వడ్డీ భారం చాలావరకు తగ్గుతుందని కార్యాలయంలో అంటున్నారు, అది ఎంతవరకు నిజం? రుణానికి బీమా తప్పనిసరి అని, 2 లక్షల ప్రీమియాన్ని రుణంలోనే కలుపుతామని బ్యాంకులో అంటున్నారు, దీనికి ఒప్పుకోవాలా?

సమాధానం: పద్దులు చూసే వృత్తి, గుంటూరు

పాత పన్ను పద్ధతిలో ఉన్నవారికి, సొంతంగా నివసించే ఇంటి వడ్డీలో ఏడాదికి 2 లక్షల వరకే మినహాయింపు. మొదటి ఏడాది మీ వడ్డీ 4 లక్షల 21 వేలు కాబట్టి, రుణం ఒక్కరి పేరునే ఉంటే సగానికి పైగా లెక్కలోకే రాదు. 30 శాతం శ్లాబులో ఉన్నా మిగిలేది సెస్సుతో కలిపి 62,400 రూపాయలు. కొత్త పద్ధతిలో సొంత నివాసానికి ఈ మినహాయింపే లేదు. మీరు ఇప్పటికే కొత్త పద్ధతిలో ఉండి, దాని తక్కువ రేట్లే మీకు లాభమైతే, గృహరుణం వల్ల పన్ను తగ్గుతుందన్న మాట మీకు వర్తించదు.

సమాధానం: విశ్రాంత బ్యాంకు ఉద్యోగి

బీమా అవసరమే, ముఖ్యంగా ఇద్దరి జీతాల మీద ఇల్లు నడిచేచోట. కానీ ఫలానా పాలసీయే తీసుకోవాలన్న నిబంధన రిజర్వు బ్యాంకుది కాదు. 2 లక్షల ప్రీమియాన్ని రుణంలో కలిపితే ఇరవై ఏళ్లలో దానికి మీరు కట్టేది 4 లక్షల 16 వేలు. రుణమొత్తానికి సరిపడే టర్మ్ పాలసీని (గడువులోగా మరణిస్తేనే సొమ్మిచ్చే బీమా) విడిగా తీసుకుంటే ఎంతవుతుందో ముందు కనుక్కోండి. బ్యాంకు మారినా అది మీతోనే ఉంటుంది.

2024 అక్టోబరు నుంచి మంజూరయ్యే రిటైల్ రుణాలన్నిటికీ కీలక వివరాల పత్రం ఇవ్వడం తప్పనిసరి. అందులో వడ్డీతోపాటు ప్రాసెసింగ్ ఫీజు, రుణంతో ముడిపడిన బీమా, లీగల్ ఖర్చులు కలిపిన వార్షిక శాతం, వాయిదాల పట్టిక ఉంటాయి. రెండు మూడు బ్యాంకుల నుంచి ఆ పత్రం తీసుకుని, 8.5 అని ప్రకటించిన అంకెను కాక ఆ వార్షిక శాతాన్ని పోల్చండి. గృహరుణ సంస్థల దగ్గరికి వెళితే, రెపో రేటుతో ముడిపెట్టాలన్న నియమం బ్యాంకులకే గనుక, వారు ఏ ప్రామాణికంతో వడ్డీ మారుస్తారో రాతపూర్వకంగా అడగండి.