వీడ్కోలా, వీడ్కొలుపా? చెద పెట్టిన చిక్కు

బొబ్బిలి: మా తాతగారి పాత నోటుపుస్తకంలో, 1961 జనవరి 12న ఐసెన్‌హోవర్ అమెరికా కాంగ్రెసుకి పంపిన చివరి వార్షిక సందేశం గురించి ఒక వాక్యం ఉంది. "అధ్యక్షులవారి కడపటి వీడ్కొ..." ఆపైన చెద తినేసింది. ఒత్వం కనిపిస్తోంది, దీర్ఘం ఉండాల్సిన చోటే చిల్లు. వీడ్కోలా, వీడ్కొలుపా?

రాజాం: వీడ్కోలే. వెళ్ళేవాడు వీడ్కొంటాడు, ఉండేవాడు వీడ్కొలుపుతాడు. బడుల్లో పిల్లలు పెట్టే "వీడ్కోలు సభ" నిజానికి వీడ్కొలుపు సభ.

నరసన్నపేట: ఏటండీ మాస్టారూ, ఆ లెక్కన ఊళ్ళో ఫ్లెక్సీలన్నీ తప్పేనా? వాడుక ఎప్పుడో రెండూ కలిపేసింది. గిడుగువారు పుట్టిన పర్వతాలపేట మా జిల్లాదే, గుర్తుంచుకోండి!

రాజాం: గిడుగువారు వాడుక రాయమన్నారు, ఎవరు వెళ్తున్నారో మర్చిపొమ్మనలేదు.

విజయనగరం కోట: అసలు ఐసెన్‌హోవర్ వీడ్కోలు 12న కాదు, 17న టీవీలో. సైన్యం, ఆయుధ పరిశ్రమల జోడీ గురించి హెచ్చరించింది అందులోనే. 12న పంపింది రాత. తాతగారు రెండూ కలిపారేమో. వాషింగ్టన్‌ది మరీ చిత్రం: 1796 సెప్టెంబరులో పత్రికలో అచ్చయిన "వీడ్కోలు ప్రసంగం" ఆయన ఏ సభలోనూ చదవలేదు. డిసెంబరు 7న సభలో చదివిన చివరి వార్షిక ప్రసంగాన్ని తలిచేవాళ్ళు తక్కువ. 1801లో జెఫర్సన్ రాసి పంపడం మొదలెట్టాడు, 1913లో విల్సన్ వచ్చి చదివేదాకా అదే ఆచారం.

ఆమదాలవలస: అందుకే "సందేశం" అన్నారు. మేఘుడి చేత పంపింది ప్రసంగమా? మా వీధిలో "ఎల్తన్నాను" అంటే కసురుతారు, "ఎల్లొస్తాను" అనాలి. పాపం ఐసెన్‌హోవర్‌కి ఆ మాట కుదరదు. రెండుసార్లకి మించి ఎన్నిక కాకూడదన్న 22వ సవరణ మొదట కట్టేసింది ఆయన్నే.

శ్రీకాకుళం: కడపటి సందేశమంటే గురజాడవారి పూర్ణమ్మదే. అన్నదమ్ములకి అన్నీ అప్పగించి దుర్గ కొలను వైపు వెళ్తుంది. ఇప్పటికీ పైకి చదవలేను, గొంతు పట్టేస్తుంది.

విజయనగరం కోట: పూర్ణమ్మ మా ఊరి పిల్ల, శ్రీకాకుళం వారికెందుకో అంత హక్కు!

బొబ్బిలి: అయ్యా, నా దీర్ఘం?

రాజాం: కాగితం వెలుగుకి ఎదురుగా పట్టి ఫొటో పెట్టండి.

బొబ్బిలి: పెట్టాను.

నరసన్నపేట: ఒత్వమేటండీ? నాకు తలకట్టే కనిపిస్తోంది.